ఐక్యరాజ్యసమితి సెక్రటరీ జనరల్ గారికి బహిరంగ లేఖ

సార్, ఆడపిల్లల జననాంగాలు కోసే ఆచారం 2030 కల్లా ఆగిపోవాలని మీ సంస్థ టార్గెట్ పెట్టుకుంది, కానీ యునిసెఫ్ 2024లో చెప్పిన లెక్క ప్రకారం దీనికి గురైనవాళ్ళు 23 కోట్ల మందికి పైనే. చాలామందికి ఐదేళ్ళు కూడా నిండవు, పెద్దవాళ్ళే కాళ్ళూ చేతులూ అదిమి పట్టుకుంటే బ్లేడుతో, మత్తు కూడా లేకుండా కోసేస్తారు, సోమాలియాలో అయితే కుట్లేసి కాళ్ళు కట్టేసి రోజుల తరబడి పడుకోబెడతారు, తల్చుకుంటేనే ఒళ్ళు జలదరిస్తుంది.

ఒక్క చట్టంతో ఇది ఆగదండీ. గాంబియాలో 2015లో నిషేధించారు, మళ్ళీ ఆ నిషేధాన్నే ఎత్తేయాలని బిల్లు పెట్టారు, 2024లో అది వీగిపోయింది కాబట్టి సరిపోయింది. తల్లులేం కసాయివాళ్ళు కాదు, కోయించకపోతే పిల్లకి పెళ్ళి కాదేమోనని భయం, అందుకే ఒక్క ఇల్లు మారితే చాలదు. సెనెగల్‌లో మాలికుండా బంబారా అనే ఊరి ఆడవాళ్ళు 1997లో ఊరంతా కలిసి మానేస్తామని అందరి ముందూ చెప్పారు చూడండి, తర్వాత సంబంధాలు కలుపుకునే ఊళ్ళు కూడా కలిసొచ్చాయి, అదీ దారి.

ఇంకోటి, ఇప్పుడు డాక్టర్లతో, నర్సులతో చేయిస్తున్నారు, ఈజిప్టులో మరీ ఎక్కువ, నాకైతే ఇదే ఇంకా ప్రమాదం అనిపిస్తోంది, డాక్టరే చేశాడంటే తప్పేముందిలే అనుకుంటారు కదా. అలాంటివాళ్ళ లైసెన్సులు రద్దు చేయమని ప్రభుత్వాలని గట్టిగా అడగండి సార్, ఊళ్ళల్లో తిరిగి పనిచేసే ఆడవాళ్ళ గ్రూపులకి ఫండ్స్ మాత్రం కోత పెట్టకండి.