ఆరు రాసిన పిల్లకు మార్కు ఎందుకు పోవాలి?

సంపాదకులకు నమస్కారం.

మా పాప ఆదోనిలోనే ఏడో తరగతి చదువుతోంది. పోయిన వారం స్లిప్ టెస్ట్ పేపర్ తెచ్చి నా ముందు పెట్టి ఒకటే ఏడుపు. లెక్క ఇది: 12 − 2.5 × 3 + 1.5. పాప 6 అని రాస్తే, దాన్ని ఎర్ర పెన్నుతో కొట్టేసి పక్కన 3 అని వేశారు. నేను పదిహేనేళ్లుగా మండీలో లెక్కలు రాసేవాణ్ణి, రెండుసార్లు వేసి చూసినా ఆరే వచ్చింది. మర్నాడు బడికి పోయి అడిగితే, ఏ లెక్క ముందు చేయాలో గుర్తుంచుకోవడానికి నేర్పే బోడ్‌మాస్ అక్షరాల్లో కూడికది ‘ఏ’ ముందు, తీసివేతది ‘ఎస్’ తర్వాత కదా, కూడిక అయ్యాకే తీసివేత అన్నారు. అంటే 7.5కు 1.5 కలిపి, వచ్చిన 9ని 12లో నుంచి తీసేశారన్నమాట.

అది తప్పండీ. కూడిక, తీసివేతలది ఒకే వరుస, వాటిలో ఎడమ నుంచి ఏది ముందొస్తే అది చేయాలి. గుణకారం, భాగహారాలదీ అంతే, అందుకే 7.2 ÷ 0.6 × 2 అంటే 24 వస్తుంది, గుణకారం ముందు చేసినవాళ్లకు 6 వస్తుంది. పాపకు నేను పాలతో చెప్పాను. బిందెలో 12 లీటర్లున్నాయి, మూడిళ్లకు రెండున్నర చొప్పున పోశాం, పక్కింటి అవ్వ లీటరున్నర తెచ్చి కలిపింది, ఎన్ని ఉన్నాయి? ఆమె కలిపిన పాలు కూడా పోయిన లెక్కలో వేస్తే మూడే మిగులుతాయి మరి!

ఇదంతా ఒక్క మార్కు కోసం రాయడం లేదు. మొన్న బుడ్డల (వేరుశనగ) సీజన్‌లో మా దగ్గరికి కొత్తగా ఒక అబ్బాయి వచ్చాడు, ఇంటర్ పాసయ్యాడు. ఒక రైతువి 20 సంచులు, కాటాలో 8.64 క్వింటాళ్లు, ఖాళీ సంచి బరువు కిలో చొప్పున, అంటే 0.01 క్వింటా చొప్పున తీసేయాలి, ధర క్వింటాకు 6,500. అబ్బాయి చిన్న క్యాలిక్యులేటర్‌లో 8.64 − 20 × 0.01 అని వరసగా నొక్కేశాడు, మైనస్‌లో ఏదో వచ్చింది. ఫోన్‌లో అయితే గుణకారం ముందు చేసి 8.44 చూపిస్తుంది కానీ దుకాణాల్లో ఉండే ఈ చిన్న మిషన్ నొక్కింది నొక్కినట్టే చేసుకుంటూ పోతుంది, అందుకే మధ్యలో వచ్చిన లెక్కను దాచుకోవడానికి దానికి ఎమ్‌ప్లస్, ఎమ్‌మైనస్ మీటలు పెట్టారు, వాటిని ఎవరూ ముట్టుకోరు. రెండోసారి వాడు కిలోను 0.1 క్వింటా అని వేశాడు. 6.64 వచ్చింది. చీటీ రాయబోతుంటే నేను చూసి ఆపాను, లేకపోతే రైతుకు రావాల్సిన 54,860లో 11,700 రూపాయలు పోయేవి. ఆ రైతు ఏమీ తెలియక పక్కనే బెంచీ మీద కూర్చుని టీ తాగుతున్నాడు.

ఆ అబ్బాయిని బోడ్‌మాస్ అంటే ఏంటి అని అడిగితే గడగడా చెప్పాడు. వాడి తప్పేం లేదు, బడిలో వాడికి అక్షరాలే నేర్పారు, పాయింట్ ఎక్కడ పెట్టాలో కూర్చోబెట్టి చూపించలేదు. అవ్వల కాలంలో వీశెలు, అణాలు, పాతిక, ముప్పావు అంటూ నోటితోనే లెక్క తేల్చేవాళ్లు. 1957లో నయా పైసలు వచ్చాక అంతా పదుల్లోకి మారింది, లెక్క తేలికవ్వాలనే కదా మార్చింది!

విద్యాశాఖ అధికారులకు మీ పత్రిక ద్వారా నా మనవి. చుట్టుపక్కల బడుల టీచర్లు కలిసే కాంప్లెక్స్ మీటింగ్‌లలో ఈ ఒకే వరుస సంగతి టీచర్లతో ఒకసారి మాట్లాడండి. పిల్లల చేత మార్కెట్ చీటీ, కరెంటు బిల్లు లాంటివి తరగతిలోనే లెక్క కట్టించండి. తల్లిదండ్రులు కూడా దిద్దిన పేపర్ వస్తే మార్కులు చూసి పక్కన పెట్టకుండా ఆ లెక్క మీరొకసారి వేసి చూడండి. మా పాప పేపర్ నేను మళ్లీ బడికి పంపాను, ఇంకా దిద్ది పంపలేదు.

– ఒక మండీ గుమాస్తా, ఆదోని, కర్నూలు జిల్లా