జైలులో న్యాయశాస్త్రం చదివిన మాస్బీ

ప్రియమైన రాఘవా,

కోర్టులో ఎదుటి పక్షం వకీలుతో సాయంత్రం టీ తాగుతూ మాట్లాడితే నీ కక్షిదారులు నొచ్చుకుంటున్నారని కిందటి ఉత్తరంలో రాశావు. అది చదివిన రాత్రే నాకు జాన్ సింగిల్టన్ మాస్బీ జ్ఞాపకం వచ్చాడు. అమెరికా అంతర్యుద్ధంలో దక్షిణాది పక్షాన పోరాడిన అశ్వికదళ నాయకుడాయన. అయితే గుర్రం ఎక్కక ముందు ఆయనా నీలాగే వకీలు.

1833లో వర్జీనియాలో పుట్టాడు. మనిషి బక్కపలుచన. 1853లో వర్జీనియా విశ్వవిద్యాలయంలో చదువుకుంటున్న రోజుల్లో, తనకంటే ఎంతో బలిష్ఠుడైన టర్పిన్ అనే యువకుడితో తగాదా ముదిరి, అతడు మీదికి రాగా పిస్తోలుతో కాల్చాడు. టర్పిన్ బతికాడు గాని, మాస్బీకి ఏడాది జైలు, 500 డాలర్ల జరిమానా పడ్డాయి, చదువూ పోయింది. అప్పుడు ఆ పంతొమ్మిదేళ్ల కుర్రవాడు న్యాయశాస్త్ర గ్రంథాలు ఎవరిని అడిగాడో తెలుసా? తనకు శిక్ష పడేలా వాదించిన ప్రాసిక్యూటర్ విలియం రాబర్ట్‌సన్‌ను! ఆయన కాదనలేదు, తన పుస్తకాలే ఇచ్చాడు. ఆ ఏడాది చివర గవర్నరు క్షమాభిక్షతో బయటికి వచ్చిన మాస్బీ, కొద్దికాలానికి న్యాయవాదియై, పెళ్లి చేసుకుని, బ్రిస్టల్ పట్టణంలో ప్రాక్టీసు పెట్టాడు. నాకు ఆయన యుద్ధ విజయాల కంటే ఈ పుస్తకాల సంగతే ఎక్కువ ఇష్టం.

దేశం నుంచి దక్షిణాది విడిపోవడం ఆయనకు సమ్మతం కాదు. అయినా 1861లో వర్జీనియా విడిపోగానే మామూలు సిపాయిగా చేరాడు. దక్షిణాది అశ్వికదళాధిపతి జనరల్ స్టూవర్ట్ దగ్గర వేగుగా పేరు తెచ్చుకుని, 1863 ఆరంభంలో కొద్దిమందితో సొంత దళం కట్టాడు. వాళ్లకు శిబిరం లేదు. రైతుల ఇళ్లలో తలదాచుకుని, కబురు అందగానే కూడి, దెబ్బ తీసి చెదిరిపోయేవారు. కత్తి దండగని, రివాల్వరే మేలని ఆయన నమ్మకం. ఆ మార్చిలో ఒక రాత్రి 29 మందితో ఫెయిర్‌ఫాక్స్ కోర్ట్‌హౌస్ అనే ఊళ్లో చొరబడి, నిద్రలో ఉన్న ఉత్తరాది బ్రిగేడియర్ జనరల్ స్టౌటన్‌ను, మరో 30 మందికి పైగా సైనికులను, 58 గుర్రాలను ఒక్క తూటా కాల్చకుండా పట్టుకుపోయాడు. జనరల్‌ను మళ్లీ తయారు చేసుకోవచ్చు గాని గుర్రాలకు డబ్బు కావాలని లింకన్ అన్నాడని చెబుతారు.

ఇక చేదు సంగతి. 1864 ఆగస్టులో ఉత్తరాది సేనాధిపతి జనరల్ గ్రాంట్, మాస్బీ మనుషులు దొరికితే విచారణ లేకుండా ఉరితీయమని తన కింది జనరల్ షెరిడాన్‌కు ఆజ్ఞ ఇచ్చాడు. సెప్టెంబరులో ఫ్రంట్ రాయల్ దగ్గర ఉత్తరాది సైనికులు మాస్బీ మనుషుల్లో ఆరుగురిని చంపారు, తరువాత మరొకరిని ఉరితీశారు. దానికి బదులుగా మాస్బీ నవంబరులో బందీలైన 27 మంది చేత చీటీలు తీయించి ఏడుగురిని మరణానికి ఎంపిక చేశాడు. వారిలో ముగ్గురు ఉరికంబం ఎక్కారు. తరువాత షెరిడాన్‌కు ఉత్తరం రాశాడు: మీ వైపు నుంచి మళ్లీ క్రూరత్వం జరగకపోతే ఇక నా చేతికి చిక్కినవారిని దయతోనే చూస్తానని. వకీలు రాసినట్టే ఉంటుంది ఆ ఉత్తరం. అయినా చీటీ తీసిన ఆ కుర్రాళ్ల చేతులను తలుచుకుంటే నాకు మనసు కుదుటపడదు. ఆ విషయంలో మాస్బీని సమర్థించలేను.

యుద్ధం ముగిసిన తరువాత ఉరి ఆజ్ఞ ఇచ్చిన ఆ గ్రాంటే, మాస్బీ భార్య పాలీన్ వెళ్లి అడగగా, అతణ్ని ఎవరూ అరెస్టు చేయకూడదని స్వహస్తాలతో రాసి ఇచ్చాడు. ఇద్దరూ స్నేహితులయ్యారు. 1872 అధ్యక్ష ఎన్నికల్లో మాస్బీ గ్రాంట్ తరఫున వర్జీనియాలో ప్రచారం చేస్తే సొంత ఊరివాళ్లే పగబట్టారు. బెదిరింపులు వచ్చాయి, ప్రాక్టీసు దెబ్బతింది. నీ టీ ముచ్చట గుర్తొచ్చింది ఇక్కడే. తరువాత 1878 నుంచి 1885 వరకు హాంకాంగ్‌లో అమెరికా కాన్సుల్‌గా ఉన్నాడు, ఆపైన రైల్వే కంపెనీకి వకీలు, చివరికి న్యాయశాఖలో ఉద్యోగి.

నన్ను ఆయన దగ్గర నిలిపిన మాట మరొకటి ఉంది. యుద్ధానికి కారణం రాష్ట్రాల హక్కులేనని తోటి సైనికులు చెప్పుకుంటుంటే, 1907లో పాత సహచరుడు చాప్‌మన్‌కు రాసిన ఉత్తరంలో, మనం బానిసత్వం కోసమే పోరాడామని సూటిగా ఒప్పుకున్నాడు. అయితే సిగ్గుపడలేదు, సైనికుడు తన దేశం ఒప్పయినా తప్పయినా దానికోసం పోరాడతాడన్నాడు. యుద్ధమంతా ఆయన వెంట నడిచిన ఆరన్ బర్టన్ అనే బానిస ఆ వాక్యం చదివి ఉంటే ఏమనేవాడో!

1915లో, తనను వెళ్లగొట్టిన విశ్వవిద్యాలయమే ఆయనకు పతకం ఇచ్చింది. మరుసటి ఏడు మే 30న కన్నుమూశాడు. "ఒప్పయినా తప్పయినా" అన్న ఆ వాదన నీ ముందుకు వస్తే ఎక్కడ పట్టుకుంటావో వివరంగా రాయి.

నీ మిత్రుడు,
శ్రీనివాస్