మదరాసు రుమాలు కట్టిన ద్వీపం

పాంత్-అ-పీత్ర్,
గ్వాడెలూప్.

ప్రియమిత్రుడు వెంకటేశ్వర్లుకు,

పోయిన ఆదివారం ఫోనులో నువ్వు అడిగిన ప్రశ్నకు అప్పటికప్పుడు సరైన జవాబు చెప్పలేకపోయాను. "అంత దూరాన, ఆ కరీబియన్ సముద్రంలో మనవాళ్లెవరైనా ఉన్నారట్రా?" అని అడిగావు. ఉన్నారని ఒక్క మాట చెప్పి ఊరుకోవచ్చు. కానీ మా అమ్మాయి ఇంట్లో ఈ ఆరు వారాలూ గడిపిన తరువాత, ఆ జవాబును మనవాళ్ల దగ్గర మొదలుపెట్టకూడదని నాకు తెలిసివచ్చింది. వాళ్లు ఎవరి చోటులోకి వచ్చారో ముందు చెప్పాలి. అందుకే తీరికగా కూర్చుని రాస్తున్నాను. నువ్వూ తీరికగానే చదువు.

పటంలో చూస్తే ఈ దీవి రెక్కలు విప్పిన సీతాకోకచిలుకలా కనిపిస్తుంది. రెండు రెక్కల నడుమ సన్నని ఉప్పునీటి పాయ ఒకటి ఉంది. పడమటి రెక్క పేరు బాస్-తేర్, అంటే 'పల్లపు నేల'. తీరా చూస్తే ఆ పల్లపు నేల మీదనే 1,467 మీటర్ల లా సుఫ్రియేర్ అగ్నిపర్వతం ఉంది. తూర్పు రెక్క పేరు గ్రాండ్-తేర్, అంటే 'పెద్ద నేల'. విస్తీర్ణంలో చిన్నది అదే. అక్కడంతా చదునైన సున్నపురాతి నేల, కనుచూపు మేరా చెరకు తోటలు. కొలంబస్ 1493 నవంబరులో వచ్చి, స్పెయిన్‌లోని ఒక మేరీమాత క్షేత్రం పేరును దీనికి పెట్టాడు. అంతకుముందు ఇక్కడ ఉన్న కలినాగో ప్రజలు దీన్ని కారుకేరా అనేవారు. అందమైన నీళ్ల దీవి అని ఆ పేరుకు అర్థం చెబుతారు. ఫ్రెంచివాళ్లు 1635లో స్థిరపడ్డారు. ఇప్పుడిది ఫ్రాన్స్ దేశంలో ఒక భాగమే; 1946 నుంచి పరిపాలనలో ఒక జిల్లా లాంటిది, చెల్లే డబ్బు యూరో. జనాభా నాలుగు లక్షల లోపు. ఇంత చిన్న దీవిని బ్రిటన్‌తో చేసుకున్న 1763 సంధిలో ఉంచుకుని, అంత పెద్ద కెనడాను ఫ్రాన్స్ వదులుకుందంటే, ఆ రోజుల్లో పంచదార విలువ ఎంతో ఊహించుకో.

ఆ పంచదారను పండించినవాళ్లు ఆఫ్రికా నుంచి సంకెళ్లతో తెచ్చిన మనుషులు. ఇక్కడి చరిత్రలో నన్ను అన్నిటికన్నా కదిలించింది వాళ్ల కథే. ఫ్రెంచి విప్లవ కాలంలో, 1794లో, ఈ దీవిలో బానిసత్వం రద్దయింది. ఎనిమిదేళ్లు జనం స్వేచ్ఛగా బతికారు. 1802లో నెపోలియన్ సేనలు రిష్‌పాన్స్ అనే సేనాని నాయకత్వంలో దిగాయి. పాత బానిసత్వాన్ని తిరిగి తేవడానికే వచ్చాయని అందరికీ అర్థమైపోయింది. అప్పుడు ఫ్రెంచి సైన్యంలోనే అధికారిగా ఉన్న లూయీ దెల్‌గ్రెస్ ఎదురుతిరిగాడు. ఆయన మార్తినీక్ దీవిలో పుట్టిన మిశ్రమజాతి మనిషి. మే 10న విడుదల చేసిన ప్రకటనను ఆయన లోకమంతటినీ ఉద్దేశించి రాశాడు. గెలవలేమని తేలిన తరువాత, మే 28న, మతూబా కొండ మీది ఒక తోట బంగళాలో సుమారు మూడువందల మంది అనుచరులతో ఉండి, శత్రువులు దగ్గరికి రాగానే మందుగుండుకు నిప్పు పెట్టి తానూ తనవాళ్లతో కలిసి పేలిపోయాడు. ఆ పోరాటంలో పట్టుబడిన సొలిత్యూద్ అనే స్త్రీ అప్పటికి గర్భిణి. బిడ్డ పుట్టేదాకా ఆగి, ప్రసవమైన మరునాడే, అంటే నవంబరు 29న, ఆమెకు మరణశిక్ష అమలు చేశారు. మా అమ్మాయి నన్ను మతూబా తీసుకువెళ్లింది. చల్లని గాలి, పొగమంచు, ఎటు చూసినా పచ్చదనం. అక్కడ చాలాసేపు నిలబడ్డాను. మన అల్లూరి సీతారామరాజు ప్రాణాలు వదిలిన కొయ్యూరు మన్యం గుర్తుకొచ్చి గొంతు పట్టేసింది.

బానిసత్వం మళ్లీ వచ్చింది, ఇంకో నలభై ఆరేళ్లు సాగింది. 1848లో శాశ్వతంగా రద్దయినప్పుడు ఈ దీవిలో స్వేచ్ఛ పొందినవాళ్లు సుమారు 87 వేల మంది. నిన్నటి యజమాని కిందే, అదే తోటలో, అతను ఇచ్చినంత కూలికి పనిచేయడానికి వాళ్లలో చాలామంది ఒప్పుకోలేదు. కొండ వాలుల్లో చిన్న చిన్న చెలకలు చేసుకుని బతకసాగారు. తోటల యజమానులకు చౌకగా, నోరెత్తకుండా పనిచేసే మనుషులు కావలసివచ్చారు. అక్కడ మొదలవుతుంది మనవాళ్ల కథ. 1854 డిసెంబరు 24న, క్రిస్మస్ ముందు రోజు, ఒరేలీ అనే ఓడ భారతీయ కూలీలతో ఈ పాంత్-అ-పీత్ర్ రేవుకు చేరింది. అప్పటి నుంచి 1889 దాకా వచ్చినవాళ్లు సుమారు 42 వేల మంది. పుదుచ్చేరి, కారైకాల్ రేవుల గుండా వచ్చినవాళ్లలో తమిళులే ఎక్కువ, తెలుగువాళ్లూ ఉన్నారు. తరువాత కలకత్తా నుంచి కూడా కొందరు వచ్చారు. ఫ్రెంచివాళ్లకు ఈ మార్గం కొత్తదేమీ కాదు. 1828లోనే మన యానాం నుంచి కొద్దిమంది తెలుగు కూలీలను హిందూ మహాసముద్రంలోని రీయూనియన్ దీవికి తీసుకుపోయారు.

ఒప్పందం అయిదేళ్లకు. గడువు తీరితే తిరుగు ఓడ ఎక్కిస్తామన్నది కాగితం మీద మాట. తోట దాటి పోవాలంటే అనుమతి చీటీ ఉండాలి, లేకపోతే దిమ్మరిగా లెక్కకట్టి శిక్ష వేసేవారు. వచ్చిన 42 వేల మందిలో వెనక్కు వెళ్లగలిగినవాళ్లు పదివేల లోపే. రోగాలతో, చాకిరీతో పోయినవాళ్లు అంతకన్నా ఎంతో ఎక్కువ. చివరికి బ్రిటిష్ ప్రభుత్వమే 1888లో తన పాలనలోని ప్రాంతాల నుంచి మనుషుల్ని పంపడం ఆపేసింది.

ఇంకొక మాట కూడా నిజాయితీగా చెప్పాలి. మనవాళ్లు ఇక్కడ కాలుపెట్టినప్పుడు నల్లజాతివారు వాళ్లను ఆదరంగా చూడలేదు. ఎలా చూస్తారు? తాము పెద్ద కూలి అడిగి పట్టుబట్టిన చోటికి తక్కువ కూలికి వచ్చి చేరినవాళ్లు వీళ్లు. 'కూలి మలబా', అంటే మలబారు కూలి, అన్నది ఇక్కడ చాలాకాలం తిట్టుమాట. రెండు వైపులా ఉన్నది ఒకే దెబ్బ తిన్న మనుషులు. వాళ్లను ఒకరి మీదికి ఒకరిని ఉసిగొల్పింది తోటల యజమానులు. ఈ సంగతి తెలియకుండా, మనవాళ్లు పడిన కష్టం మాత్రమే చెప్పుకుని పొంగిపోవడం నాకు ఇప్పుడు తప్పుగా తోస్తున్నది.

ఈ దేశంలో పుట్టి పెరిగినా భారతీయుల పిల్లలకు అప్పట్లో పౌరసత్వం ఉండేది కాదు. కాపెస్తేర్‌లో 1863లో పుట్టిన హెన్రీ సిదంబరోమ్ ఆ హక్కు కోసం 1904లో న్యాయపోరాటం మొదలుపెట్టాడు. ఆ పేరు చిదంబరమే. ఫ్రెంచి గుమాస్తా కలం కింద అలా అయింది. ముత్తుస్వామి ముతుసామీ, రామస్వామి రమసామీ అయినట్టే. పందొమ్మిదేళ్లు పట్టు విడవకుండా నడిపించాడు. 1923లో పారిస్ ప్రభుత్వం దిగివచ్చి భారతీయ సంతతివారిని ఫ్రెంచి పౌరులుగా గుర్తించింది. ఆ గుర్తింపు ఎంతవరకు వచ్చిందో చూడు: ఎర్నెస్ట్ ముతుసామీ 1981 నుంచి 2002 దాకా ఫ్రెంచి పార్లమెంటులో ఈ దీవి ప్రతినిధి.

భాష మాత్రం పోయింది. తమిళం పూజల్లో పలికే మాటలుగా మిగిలింది. తెలుగు నా చెవిన పడలేదు. భాష పోయినా అమ్మవారు పోలేదు. కాపెస్తేర్ దగ్గర షాంజీ అనే చోట, అరటి తోటల మధ్య, రంగురంగుల గోపురంతో మారియమ్మ గుడి ఉంది. వీళ్లు ఆమెను మాలియేమేన్ అంటారు. మన పోలేరమ్మ కొలుపులాగే వేట పోతులు, పొంగళ్లు, నిప్పుల మీద వేపాకు వాసన. వాయించే వాద్యాల పేర్లు విను: మతలోన్, తపూ. ఒకటి మద్దెల, ఇంకొకటి తప్పెట! ఓడలో సముద్రం దాటించాడన్న కృతజ్ఞతతో తమిళనాట నాగూరు దర్గాలోని ముస్లిం మహనీయుడైన వలీని కూడా ఇదే జనం కొలుస్తారు. నాగూలూ మిలా అని పిలుస్తూ ఆయన కోసం జెండా కర్ర నిలుపుతారు. పూజ ముగిశాక అరటాకుల్లో భోజనం పెడతారు. నేను వెళ్లిన రోజు పంక్తిలో కూర్చున్నవాళ్లలో సగం మంది ఆఫ్రికా సంతతివారే. తడుముకోకుండా చేత్తో కలుపుకుని తిన్నారు.

ఆ భోజనంలో వడ్డించినదే ఇవాళ ఈ దీవి అంతటికీ సొంత వంటకం. దాని పేరు కొలొంబో. కుళంబు అన్న తమిళమాట అలా మారిందంటారు. పసుపు, ధనియాలు, జీలకర్ర, మెంతులు, ఆవాలు కలిపి నూరిన పొడితో మేకమాంసం వండి, అన్నంతో పెడతారు. ఆ కారం మనకు చాలదు గానీ, వాసన ఇల్లంతా నిండితే మనింట్లోనే ఉన్నట్టుంటుంది. కాకరకాయను ఇక్కడ పరోకా అంటారు, తమిళుల పావక్కాయే అది.

ఇక క్రెయోల్ భాష. ఫ్రెంచి మాటల్ని ఆఫ్రికన్లు తమ పద్ధతిలో మలుచుకుని కట్టుకున్న నుడి ఇది. మా అమ్మాయి నేర్పితే నాలుగు ముక్కలు వచ్చాయి. క్రియ మారదు, దాని ముందు చిన్న మాట ఒకటి చేర్చితే చాలు, కాలం మారిపోతుంది. 'అన్ క మాంజే' అంటే నేను తింటున్నాను. 'అన్ తే క మాంజే' అంటే తింటూ ఉండేవాణ్ణి. 'అన్ కే మాంజే' అంటే తింటాను. నువ్వు పాతికేళ్లు పిల్లలకు వ్యాకరణం చెప్పినవాడివి, ఈ పొందిక చూస్తే ముచ్చటపడతావు.

శుక్రవారం రాత్రి లెవోజ్ అనే జాతరలాంటి కూడికకు వెళ్లాను. గ్వో-క అనే డోలు వాద్యం ఇక్కడి జనానికి ఊపిరి. ఒకప్పుడు ఉప్పు వేసిన మాంసం తెచ్చే కర్ర పీపాలకు మేకతోలు బిగించి వీటిని చేసేవారట. బూలా అనే డోళ్లు తాళాన్ని నిలకడగా పట్టి ఉంచుతాయి. మకే అనే డోలు మాత్రం నాట్యం చేసే మనిషి పాదాలనే చూస్తూ మోగుతుంది. నర్తకి అడుగు వేస్తేనే దానికి దెబ్బ. మన దగ్గర వాద్యం నడిపిస్తే ఆడతాం, ఇక్కడ ఆడేవాళ్లే వాద్యాన్ని నడిపిస్తారు. ఏడు లయలున్నాయి. 2014లో యునెస్కో తన వారసత్వ జాబితాలో చేర్చింది. ఒకప్పుడు ఇదే వాద్యాన్ని నాగరికం కాదని ఈసడించేవారు. ఈ పట్టణపు వీధుల్లో డోలు వాయిస్తూ, పేదరికంలోనే 1984లో చనిపోయిన వేలో అనే కళాకారుడికి ఇప్పుడు నడిబజారులో విగ్రహం ఉంది.

అంతా సంబరమే అనుకుంటావేమో. 1972 నుంచి 1993 దాకా ఇక్కడి అరటి తోటల్లో దుంపను తొలిచే ముక్కుపురుగు కోసం క్లోర్‌డెకోన్ అనే మందు చల్లారు. ఫ్రాన్స్‌లో 1990లోనే నిషేధించినా, ఈ దీవులకు మరో మూడేళ్లు సడలింపు ఇచ్చారు. ఇవాళ పెద్దవాళ్లలో పదింట తొమ్మిది మంది రక్తంలో ఆ విషం ఉంది. కందగడ్డ కొనాలన్నా ఏ నేలలో పండిందని అడగాలి. కొన్ని తీరాల్లో చేపలు పట్టకూడదు. 2023 జనవరిలో న్యాయమూర్తులు ఎవరి మీదా విచారణ జరపకుండానే కేసు ముగించారు. నిత్యావసరాల ధరల మీద 2009లో ఈ దీవి 44 రోజులు సమ్మె చేసింది కూడా ఇలాంటి అన్యాయాలు పేరుకుపోయే. మన గుంటూరు, ప్రకాశం జిల్లాల పత్తి చేలల్లో పురుగుమందులు చేసిన పని ఎరిగినవాళ్లం కనుక నాకు ఈ కోపం కొత్తగా అనిపించలేదు.

నీకు అసలు చెప్పాలనుకున్నది ఇప్పుడు చెబుతాను. ఇక్కడి స్త్రీలు పండుగలకు కట్టే తలగుడ్డ గళ్ల నూలు రుమాలు. దాని పేరే 'మద్రాస్'. బానిసత్వ కాలం నుంచే అది ఈ దీవికి వస్తున్నది. కట్టిన తీరును బట్టి కొసలు ఎన్ని పైకి నిలిస్తే అన్ని అర్థాలు. ఒక కొస నిలిస్తే మనసు ఖాళీగా ఉందని, మూడు నిలిస్తే పెళ్లయిందని చెబుతారు. గళ్లలో పసుపు రంగు వెలవెలబోకుండా కుంచెతో మళ్లీ దిద్దే స్త్రీలు కూడా ఉండేవారట. ఆగస్టులో వంటవాళ్ల పండుగ రోజున ముసలమ్మలందరూ ఆ గళ్ల బట్టలే కట్టి, బుట్టల్లో వంటకాలు పెట్టుకుని చర్చికి ఊరేగింపుగా వెళ్తారు.

సాంత్-ఆంత్వాన్ బజారులో సుగంధ ద్రవ్యాలు అమ్మే ఒక వృద్ధురాలి తలగుడ్డ చూసి ఆగిపోయాను. మా అమ్మాయి చేత చెప్పించాను: ఇలాంటి గళ్ల రుమాళ్లను మదరాసు రేవు నుంచి పరదేశాలకు పంపించిన కాలంలో, వాటిని నేసిన మగ్గాల్లో మా చీరాల పరిసర గ్రామాలవీ ఉన్నాయని, నా ప్రాణస్నేహితుడి తాత ఆ రుమాళ్లు నేసినవాడని. ఆమె చేతిలోని జాజికాయలు పక్కన పెట్టి, ఆ ఊరి పేరు మళ్లీ చెప్పమంది. చీరాల అన్నాను. రెండుసార్లు పలికి చూసుకుంది. తరువాత ఒక చిన్న పొట్లం కొలొంబో పొడి కట్టి, మీ స్నేహితుడికి ఇవ్వండని నా చేతిలో పెట్టింది. ఎంత చెప్పినా డబ్బు తీసుకోలేదు.

ఆ పొట్లం నా పెట్టెలో భద్రంగా ఉంది. ఈలోగా నువ్వొక పని చెయ్యి. మీ తాతగారి భోషాణంలో పాత రుమాళ్ల నమూనాలు ఉండేవని నాకు బాగా గుర్తు, చిన్నప్పుడు మనమిద్దరం వాటి నూనె వాసన చూసి ముక్కు మూసుకునేవాళ్లం. చెదలు తినని ముక్క ఒక్కటైనా మిగిలి ఉంటే, తపాలాలో మా అమ్మాయి చిరునామాకు పంపు. వచ్చే నెల తిరుగు ప్రయాణానికి ముందు బజారులోని ఆ వృద్ధురాలికి ఇచ్చి రావాలని ఉంది.

వదినగారికి నమస్కారాలు, పిల్లలకు ఆశీస్సులు.

నీ
సుబ్రహ్మణ్యం