భాన్‌గఢ్‌లో నన్ను పరిగెత్తించిన వాసన

ఒరేయ్ సోడాబుడ్డీ,

నీ ఉత్తరానికి మూడు నెలలుగా జవాబు రాయలేదు, తిట్టుకో, పడతాను. ఆఫీసు మారింది, అమ్మ మోకాళ్ళు అలాగే ఉన్నాయి, చిన్నదానికి రెండు పళ్ళూడాయి. ఇంటి సంగతులు అంతే. అసలు సంగతి, నేను రాజస్థాన్‌లోని భాన్‌గఢ్ వెళ్ళొచ్చానురా! అదే, దెయ్యాల కోటని మనం హాస్టల్లో దుప్పటి కప్పుకుని చెప్పుకున్నామే, నువ్వు బాత్రూంకి ఒంటరిగా వెళ్ళనన్నావే... సరే, ఆ రాత్రి సంగతి ఇక్కడ రాయను, మీ ఆవిడ చదువుతుందేమో.

వానాకాలం కదా, ఆరావళి కొండలు పచ్చగా ఉన్నాయి. గేటు దగ్గర పురావస్తు శాఖ బోర్డు, సూర్యోదయానికి ముందు, సూర్యాస్తమయం తర్వాత లోపలికి రాకూడదని. ‘ప్రభుత్వమే దెయ్యాలున్నాయని ఒప్పుకుంది’ అని అందరూ ఫోటోలు పెట్టేది దీనికే. కానీ ఆ బోర్డులో దెయ్యం మాటే లేదు, నేను రెండుసార్లు చదివాను. పక్కనే సరిస్కా అడవి. మేకలు కాసే ముసలాయన్ని అడిగితే నవ్వి, ‘దెయ్యం సంగతేమో గానీ చిరుత మాత్రం వస్తుంది’ అన్నాడు.

కథలు మాత్రం మనిషికొకటి. గైడ్ చెప్పింది రత్నావతి కథ: రాణిని వశం చేసుకోవాలని మాంత్రికుడు అత్తరుకి మంత్రం వేశాడట, ఆమె కనిపెట్టి దాన్ని బండ మీద ఒంపేసిందట, బండ దొర్లుకుంటూ వెళ్ళి వాణ్ణే నలిపేసిందట, వాడు చస్తూ ఊరికి శాపం పెట్టాడట. టీ కొట్టాయన అదంతా కాదన్నాడు. బాలూనాథ్ అనే సాధువు తన గుడిసె మీద కోట నీడ పడకూడదన్నాడట, తర్వాతి రాజొకడు మేడ పెంచేసరికి నీడ పడిందట, అంతే, ఊరు పాడైపోయిందట. రెండు కథలూ ఒకటైతే కావు కదా! 1783 నాటి కరువుకి జనం వెళ్ళిపోయారని ఇంకో మాట. దాన్ని మాత్రం ఎవరూ గొంతు తగ్గించి చెప్పరు.

బజారు వీధిలో కప్పుల్లేని అంగళ్ళు వరసగా ఉన్నాయిరా. ఒక గడప రాయి మధ్యలో అరిగి గిన్నెలా గుంట పడింది. ఎన్ని కాళ్ళు తొక్కితే అలా... అక్కడ కాసేపు నోట మాట రాలేదు.

సాయంత్రం కాపలావాళ్ళు ఈల వేస్తున్నారు. దిగుతూ సోమేశ్వర్ గుడి దగ్గరికొచ్చేసరికి గుప్పున అత్తరు వాసన! చుట్టూ ఒక్క మనిషి లేడు. ఒళ్ళు జలదరించింది. మంత్రం వేసిన అత్తరు, రాణి, అన్నీ ఒక్కసారే గుర్తొచ్చాయి. పక్కన కొండముచ్చు ఒకటి గోడ మీంచి దూకింది, నేను కెవ్వుమన్నాను, చెప్పులొకచోట నేనొకచోట. మా ఆవిడ మాత్రం నింపాదిగా పొదలోకి చూసి, ‘మొగలిపువ్వండీ’ అంది.

మొగలి పొదలురా బాబూ! కోనేటి పక్కన గుబురుగా. ఈల వేసే కుర్రాడొచ్చి ‘కేవ్‌డా’ అన్నాడు. ఆకు పట్టుకుంటే అంచు ముళ్ళు గీరుకుని వేలికి నెత్తురొచ్చింది. నాకు వెంటనే, మొగలి పొదల్లో పాములుంటాయని మీ నాయనమ్మ బెదిరించేది కదా, అది గుర్తొచ్చి ఈసారి నిజంగా పరుగు తీశాను.

అయితే ఒకటి తోస్తోంది. గాలిలో ఈ వాసన ఎప్పట్నుంచో ఉంది కాబట్టే కథలోకి అత్తరు వచ్చిందా, లేక... అయ్యో, చిన్నదాని బస్సొచ్చేసింది, మిగతా సంగతి మళ్ళీ రా