రెండో వైపు అచ్చు పక్కకు జరిగిన ‘గ్రేస్’ రికార్డు గురించి ఫిర్యాదు

ఫిర్యాదుల పరిష్కార అధికారి గారికి,

విషయం: అమెరికన్ గాయకుడు జెఫ్ బక్లీ ‘గ్రేస్’ ఆల్బం ఎల్పీ (టర్న్‌టేబుల్ మీద పెట్టి వినే పెద్ద గ్రామఫోను) రికార్డులో తయారీ లోపం – మంచి ప్రతి పంపడం లేదా సొమ్ము వాపసు చేయడం గురించి.

అయ్యా / అమ్మా,

మీ వెబ్‌సైటులో ‘కొత్తది, సీలు తీయనిది’ అన్న వివరణ చూసి నేను కొన్న పై రికార్డు రెండో వైపు వినడానికి పనికిరాదు. మొదటి వైపు ఐదు పాటలూ నిక్షేపంలా ఉన్నాయి. రెండో వైపు గాడులు మాత్రం మధ్య రంధ్రం చుట్టూ సమంగా పడలేదు. దాంతో శ్రుతి ఎక్కుతూ దిగుతూ పాటంతా వణుకుతోంది. రంధ్రం ఒక్కటే అయినా ఏ వైపు అచ్చును ఆ వైపుకు విడిగా బిగిస్తారు కాబట్టి, ఒక వైపు బాగుండి రెండోది తప్పడం రికార్డుల తయారీలో జరిగేదే. రికార్డు తిరుగుతున్నప్పుడు ముల్లు ఉన్న చేయి ఎడమకూ కుడికీ ఊగడం వీడియోలో స్పష్టంగా కనిపిస్తుంది. బిల్లుతో పాటు ఆ వీడియో కూడా జతచేశాను.

మీ సహాయక విభాగం జవాబు ఇంకోలా ఉంటే ఈ లేఖ ఇక్కడితో ముగిసేది. ‘ఇది ఆల్టర్నేటివ్ సంగీతం, ఈ గాయకుడి గొంతు సహజంగానే వణుకుతుంది, అది ఆయన శైలి’ అని రాశారు. పైగా ‘వినైల్ (అంటే ఇలాంటి ప్లాస్టిక్ రికార్డు) అంటే ఆ మాత్రం తేడా ఉంటుంది’ అన్న హితబోధ ఒకటి.

బక్లీ గొంతు కదులుతుంది, నిజమే. ఆయన ఖవ్వాలీ గాయకుడు నుస్రత్ ఫతే అలీ ఖాన్‌కు వీరాభిమాని. న్యూయార్క్‌లోని ఒక చిన్న కెఫేలో ఒంటరిగా గిటారు పట్టుకుని పాడే రోజుల్లో ఖవ్వాలీ కూడా పాడేవారు. ఒక స్వరాన్ని పట్టుకుని ఎంతసేపు నిలపాలో, ఎక్కడ వదలాలో ఆయన ఇష్టం. మన సంగీతంలో గమకం లాగే అది పాడేవారి అదుపులో ఉంటుంది. నాకు వచ్చిన రికార్డులో వణుకు ఎవరి అదుపులోనూ లేదు. నిమిషానికి 33⅓ చుట్లు తిరిగే రికార్డు ఒక చుట్టుకు 1.8 సెకండ్లు తీసుకుంటుంది. నేను వింటున్న శ్రుతి కూడా సరిగ్గా అంతే వ్యవధిలో ఎక్కి దిగుతోంది. రెండో వైపు మొదలయ్యే ‘హల్లెలూయా’ను గమనించండి. ముందు ఒక నిట్టూర్పు, ఆ తరువాత చాలాసేపు గిటారు ఒక్కటే. గొంతు ఇంకా అందుకోకముందే ఆ గిటారు ఊగుతోంది. అప్పటికింకా పాడని గొంతు శైలి ఆ గిటారులోకి ఎలా వచ్చిందో మీ విభాగమే చెప్పాలి.

రికార్డు అంచు నుంచి లోపలికి వెళ్లేకొద్దీ గాడి చుట్టు చిన్నదవుతుంది కాబట్టి అదే తప్పు మరింత పెద్దగా వినిపిస్తుంది. ‘కార్పస్ క్రిస్టీ కారల్’లో ఆయన పైస్థాయిలో సన్నగా, దాదాపు తోడు లేకుండా పాడతారు. అక్కడ రెండు నిమిషాలు కూర్చోవడం కూడా కష్టమైంది. ‘ఎటర్నల్ లైఫ్’లో గిటార్ల హోరు లోపాన్ని కొంత దాచింది గానీ చివరి పాట ‘డ్రీమ్ బ్రదర్’లో తబలా ఉంది. తబలా శ్రుతి చుట్టుకొకసారి జారుతుంటే మన చెవికి ఎలా ఉంటుందో వేరే చెప్పాలా?

టర్న్‌టేబుల్ తప్పు కావచ్చని కూడా మీరు అన్నారు. అదే యంత్రం మీద మొదటి వైపు, నా దగ్గరున్న ఇతర రికార్డులు బాగానే పలుకుతున్నాయి. మిత్రుడి ఇంట్లో వేరే యంత్రం మీద పెట్టినా రెండో వైపు ఇలాగే ఉంది. రికార్డింగు నాణ్యత మీద అనుమానం పెట్టుకోకండి. 1994లో వచ్చిన ఈ ఆల్బంకు నిర్మాత ఆండీ వాలెస్, అంతకుముందు నిర్వాణ అనే రాక్ బృందం ఆల్బం ‘నెవర్‌మైండ్’ మిక్సింగ్ చేసిన వ్యక్తి.

బదులుగా ‘ఇదే గాయకుడి మరో స్టూడియో ఆల్బం’ తీసుకోమన్న సలహా నన్ను మరీ బాధపెట్టింది. 1997లో మెంఫిస్ దగ్గర నదిలో మునిగి చనిపోయేనాటికి ఆయన వయసు 30. బతికుండగా పూర్తి చేసిన స్టూడియో ఆల్బం ఇదొక్కటే. మీరు పంపిన తగ్గింపు కూపను కూడా నాకు అక్కరలేదు.

ఇక ‘సీలు తెరిచిన రికార్డు వాపసు తీసుకోం’ అన్న మీ నిబంధన. సీలు తీయకుండా గాడులు ఎక్కడ పడ్డాయో ఏ కొనుగోలుదారుకు తెలుస్తుంది? వినియోగదారుల రక్షణ (ఈ-కామర్స్) నియమాలు, 2020 ప్రకారం లోపమున్న వస్తువును వాపసు తీసుకోవడానికి విక్రేత నిరాకరించకూడదు. ఫిర్యాదు అందినట్టు 48 గంటల్లో తెలియజేసి, నెలలోపు పరిష్కరించాల్సిన బాధ్యత మీ పదవిది.

అదే ఆల్బం మరో ప్రతి పంపితే నాకు చాలా సంతోషం. అయితే ఒకే విడతలో అచ్చైన ప్రతులన్నిటికీ ఇదే లోపం ఉండవచ్చు కాబట్టి, మీ గిడ్డంగిలో ఒకదాని రెండో వైపు వినిపించి చూశాకే పంపండి. అది కుదరకపోతే రవాణా ఖర్చుతో సహా పూర్తి సొమ్ము నా బ్యాంకు ఖాతాకు జమచేయండి, మీ వాలెట్‌లో వద్దు. గడువులోపు రెండూ జరగకపోతే 1915 జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైనులో నమోదు చేసి జిల్లా వినియోగదారుల కమిషన్‌కు వెళతాను. ఈ విలువకు అక్కడ రుసుము కూడా లేదు.

రికార్డును అట్టతో, లోపలి కాగితపు కవరుతో సహా నిలువుగా భద్రపరిచాను. తీసుకెళ్లడానికి వచ్చే మనిషిని ముందుగా ఫోను చేయమనండి. చించిన ప్లాస్టిక్ సీలు మాత్రం అడగవద్దు, అది చెత్తబుట్టలోకి వెళ్లిపోయింది.

ఇట్లు,
మీ వినియోగదారు,
విజయవాడ

జతపరచినవి: బిల్లు నకలు, వీడియో, మీ సహాయక విభాగం జవాబుల ప్రతి