గీసే చేతులు సరే, కథ చెప్పేవాళ్లెక్కడ?

సంపాదకులు గారికి,

నమస్కారం. యానిమేషన్ ఉద్యోగాల గురించి ఈ మధ్య మీ పత్రికలో తరచూ వార్తలు వస్తున్నాయి. ఏ సాఫ్ట్‌వేర్ నేర్చుకోవాలి, కోర్సు ఎన్ని నెలలు, మొదటి జీతం ఎంత, అన్నీ రాస్తున్నారు. ఆ బొమ్మలు చెప్పే కథ ఎవరు రాస్తారు, దర్శకత్వం ఎవరు చేస్తారు, ఆ పని నమ్ముకుని ఒక మనిషి ముప్పై నలభై ఏళ్లు బతకగలడా అన్నది మాత్రం ఎక్కడా కనబడలేదు.

నేను హైదరాబాద్‌లో పదమూడేళ్లు స్టోరీబోర్డ్ ఆర్టిస్టుగా చేశాను. స్క్రిప్టు చదివి, ఒక్కో షాట్ ఎలా ఉండాలో చిన్న చిన్న గళ్లలో గీసిపెట్టడం మా పని. వాటికి మాటలు, టైమింగ్ కలిపితే యానిమాటిక్ అవుతుంది. సినిమా పుట్టేది అక్కడే, ఆ తర్వాతిదంతా దాన్ని పెంచి పెద్దచేయడం. మాకు స్క్రిప్టులు బయటి దేశాల నుంచి మెయిల్లో వచ్చేవి. ఎక్కడో పిల్లలు మంచులో జారుతూ ఆడుకుంటుంటే, మేము మే నెలలో ఏసీ గదిలో కూర్చుని ఆ మంచు గీసేవాళ్లం. ఒకసారి ఒక ఎపిసోడ్‌లో జోకు పండలేదనిపించి చివరి నాలుగు షాట్లు మార్చి గీశాను. "మనకెందుకయ్యా, వాళ్లు రాసింది గీసిపెట్టు" అన్నారు మా పైవాళ్లు. వాళ్లని తప్పుపట్టను, కాంట్రాక్టే అలాంటిది. కానీ నాతో చేరినవాళ్లలో కథ వైపు వెళ్లగలిగింది ఇద్దరో ముగ్గురో. మిగతా అందరం చేతులుగానే మిగిలిపోయాం.

ఇక్కడ రామ్ మోహన్ గారి సంగతి చెప్పాలి. 'భారతీయ యానిమేషన్ పితామహుడు' అని బిరుదిచ్చి వదిలేస్తాం గానీ, ఆయన అంతవాడు ఎలా అయ్యారో చూస్తే నా గొడవ మీకు అర్థమవుతుంది. 1931లో పుట్టిన ఆయన 1956లో బొంబాయిలో కేంద్ర ప్రభుత్వం తరఫున సినిమాలు తీసే ఫిల్మ్స్ డివిజన్‌లో, అప్పుడే పెట్టిన కార్టూన్ విభాగంలో చేరారు. డిస్నీలో పనిచేసిన క్లెయిర్ వీక్స్ అనే అమెరికన్ వచ్చి ఆ జట్టుకి పని నేర్పాడు. జాతక కథ ఆధారంగా 1957లో 'ది బన్యన్ డీర్' తీశారు. నేర్చుకునే దశ దాదాపు అంతే. ఆ తర్వాత పదేళ్లకు పైగా ఆయనకు దొరికింది కోర్సు కాదు, పని. నెలనెలా జీతం ఇస్తూ, చిన్న చిన్న చిత్రాలు తీయమనే ఆఫీసు ఒకటి ఉండేది. విషయం సర్కారుది, చెప్పే తీరు వీళ్లది. 1967లో వచ్చిన 'హోమో సాప్స్' రాసింది, రూపొందించింది, కదిలించింది కూడా ఆయనే.

1968లో అక్కడి నుంచి బయటికొచ్చి ఎల్.వి. ప్రసాద్ గారి ప్రసాద్ ప్రొడక్షన్స్‌లో యానిమేషన్ విభాగం చూశారు. ఏలూరు దగ్గరి సోమవరప్పాడులో పుట్టిన మన ప్రసాద్ గారి సంస్థలో ఇలాంటి విభాగం ఒకటుండేదని మనలో ఎంతమందికి తెలుసు? 1972లో రామ్ మోహన్ సొంత సంస్థ పెట్టుకున్నారు. అదే ఏడాది చిత్రం 'యూ సెడ్ ఇట్'కి జాతీయ అవార్డు వచ్చింది, 1983లో 'ఫైర్ గేమ్స్'కి మళ్లీ వచ్చింది. అంతకు ముందు మృణాల్ సేన్ 'భువన్ షోమ్'లో, మధ్యలో సత్యజిత్ రాయ్ 'శత్రంజ్ కే ఖిలాడీ'లో యానిమేషన్ ముక్కలు చేశారు. వీటిలో ఆయన గీసినదేదీ పెద్ద నిడివిది కాదు. అన్నీ నిమిషాల లెక్క. ఆ నిమిషాల మీదే ఆయన చేయి తిరిగింది.

1990ల్లో యూనిసెఫ్ దక్షిణాసియా కోసం రామ్ మోహన్ గారి చేత 'మీనా' కార్టూన్లు చేయించింది. అందులో ఒక కథ ఉంది. మీనాని బడికి పంపరు. ఆమె తన చిలక మిఠూని బడికి పంపుతుంది. అది కిటికీ దగ్గర కూర్చుని లెక్కలు విని వచ్చి మీనాకి చెబుతుంది. ఆ అంకెలతో మీనా ఇంట్లో కోళ్లు లెక్కపెడితే ఒకటి తక్కువొస్తుంది, దొంగ దొరుకుతాడు. ఆడపిల్లని చదివించండి అన్న నినాదం ఎక్కడా లేదు, చూసిన తండ్రికి మాత్రం మాట తగులుతుంది. ప్రభుత్వాలు, సంస్థలు చెప్పించే కథలు చప్పగా ఉంటాయనేవాళ్లు దీన్ని ఒకసారి చూడాలి. చప్పదనం విషయంలో ఉండదు, రాసేవాడికి ఇచ్చిన టైములో, డబ్బులో ఉంటుంది.

జపాన్‌కి చెందిన యుగో సాకోతో కలిసి ఆయన చేసిన రామాయణం 1992లో పూర్తయింది. అది తెలుగు మాటలతో మన థియేటర్లకు వచ్చేసరికి 2025 జనవరి అయింది. రామ్ మోహన్ 2019లోనే కన్నుమూశారు. 2014లో పద్మశ్రీ ఇచ్చారు, అదొక్కటి నయం.

ఇక మన దగ్గరికి వద్దాం. రాయదుర్గంలో యానిమేషన్, గేమింగ్ కంపెనీల కోసమని తలపెట్టిన ఇమేజ్ టవర్‌కి 2017లో శంకుస్థాపన జరిగింది. టవర్లు వద్దనను, ఉద్యోగాలూ కావాలి. కానీ ఇరవై అంతస్తులు కట్టినా అందులో కూర్చునేది పరాయి స్క్రిప్టు గీసే చేతులే అయితే నా పదమూడేళ్లే ఇంకొకరికి జరుగుతాయి. 2008లో పోగో ఛానల్లో మొదలై దేశమంతా పాకిన ఛోటా భీమ్ హైదరాబాద్‌లోనే పుట్టాడు కదా అంటారు. నిజమే. దాన్ని సృష్టించిన రాజీవ్ చిలక గారు సొంతంగా స్టూడియో పెట్టుకున్నారు కాబట్టి కథ ఆయన చేతిలో ఉంది. కథ చెప్పాలనుకున్న ప్రతివాడూ కంపెనీ పెట్టాలంటే అయ్యే పనేనా?

ఏ సభకి వెళ్లినా వక్తలు తోలుబొమ్మలాటతో మొదలుపెడతారు. యానిమేషన్ మన రక్తంలోనే ఉందంటారు. ఆ ఆటగాళ్లకైనా ఆట పెట్టించిన ఊరు గింజలు కొలిచి ఇచ్చేది.

నేను అడిగేది పెద్దదేం కాదు. రెండు తెలుగు ప్రభుత్వాల్లోనూ ఆరోగ్యం, విద్య, రవాణా, స్త్రీ శిశు సంక్షేమ శాఖలు ప్రచారానికి ఏటా ఖర్చుపెడుతూనే ఉంటాయి. అందులోంచి ఏడాదికి పది యానిమేషన్ చిత్రాలు, ఒక్కొక్కటి ఐదు నిమిషాలు, తెలుగులోనే రాసి తెలుగువాళ్లే తీసేలా ఇప్పించండి. సెకనుకి 12 బొమ్మల లెక్కన ఐదు నిమిషాలంటే 3,600 బొమ్మలు. ఒక చిన్న జట్టుకి కొన్ని నెలల పని. టెండర్ పిలిచి తక్కువ ధర వేసినవాడికి కట్టబెడితే మళ్లీ మొదటికే వస్తుంది. ముందు కథ చూడాలి, యానిమాటిక్ చూడాలి, రచనకి విడిగా పారితోషికం ఇవ్వాలి. టైటిల్లో మంత్రి గారి ఫొటో ఉంటే ఉండనివ్వండి, పక్కన రాసినవాళ్ల పేరు, తీసినవాళ్ల పేరు కూడా ఉండాలి.

అవార్డుల సంగతీ చూడండి. యానిమేషన్, విజువల్ ఎఫెక్ట్స్, గేమింగ్, కామిక్స్ అన్నిటినీ ఒక గాటన కట్టిన జాతీయ అవార్డు 2022 చిత్రాలకి 'బ్రహ్మాస్త్ర'కి, 2023 చిత్రాలకి మన 'హను-మాన్'కి వెళ్లింది. తెలుగు సినిమాకి వచ్చిందని నేనూ సంతోషించాను. కానీ రెండూ నటులు కెమెరా ముందు నటించిన సినిమాలు. పాత్రని కాగితం మీద పుట్టించి, దాని నడక దగ్గర్నుంచి నవ్వు దాకా తనే నిర్ణయించే దర్శకుడి పని వేరు. రాష్ట్రాల అవార్డుల్లోనైనా యానిమేషన్ రచనకి, దర్శకత్వానికి విడిగా చోటు పెట్టొచ్చు.

మీకూ ఒక విన్నపం. సినిమా సమీక్షల్లో కథ, దర్శకత్వం అని పేర్లు వేస్తారు గదా. కార్టూన్ల గురించి రాసినప్పుడు ఛానల్ పేరు, కంపెనీ పేరు వేసి ఆపేస్తున్నారు. వచ్చే వారం నుంచి ఆ రెండు పేర్లూ కనుక్కుని వేయండి. ఎవర్ని అడగాలో తెలియకపోతే నన్నడగండి, కొందరి ఫోన్ నంబర్లు ఇంకా నా దగ్గరున్నాయి.

ఇట్లు,
ఒక మాజీ స్టోరీబోర్డ్ ఆర్టిస్ట్,
కూకట్‌పల్లి, హైదరాబాద్