అడవిలో కెమెరా పట్టినవాళ్ల సంగతి కూడా రాయండి

సంపాదకుడు గారికి నమస్కారం.

అమెజాన్ తగలబడుతుంటే మొదటి పేజీలో పెద్ద ఫొటో వేస్తారు, ఆ తర్వాత ఏమైందో మళ్లీ ఎక్కడా కనబడదు. దాదాపు అన్ని పత్రికలదీ ఇదే పద్ధతి, నేను రోజూ చదివేది మీదే కాబట్టి మీకు రాస్తున్నాను.

వానలతో ఎప్పుడూ తడిగా ఉండే అడవి దానంతట అది సులువుగా అంటుకోదు. ముందు విలువైన కలప దొంగతనంగా కొట్టుకుపోతారు, తర్వాత మిగిలింది నరికి నెలల తరబడి ఎండబెడతారు, ఎండాకాలంలో నిప్పు పెట్టి గడ్డి చల్లి పశువులను వదులుతారు. మనం పేపర్లో చూసే పొగ దాదాపు చివరి ఘట్టం, అప్పటికి చెట్లు ఎప్పుడో నేలకూలి ఉంటాయి. బ్రెజిల్ అంతరిక్ష పరిశోధన సంస్థ 1988 నుంచి ఏటా శాటిలైట్లతో లెక్క తీస్తోంది, 2004లో 27 వేల చదరపు కిలోమీటర్లకు పైగా పోయింది, గట్టిగా పట్టించుకున్నాక 2012కి అది 5 వేలలోపుకు దిగింది. అంటే ఆపడం సాధ్యమే. కానీ శాటిలైట్ ఎంత పోయిందో చెబుతుంది గానీ దుంగలు ఎవరు మోసుకుపోయారో చెప్పదు, అది చెప్పగలిగేది అక్కడ కాలినడకన తిరిగి వీడియో తీసే మనిషే.

2020లో రొండోనియా రాష్ట్రంలోని ఉరు-ఎయు-వావ్-వావ్ ఆదివాసీలు, అందరినీ కలిపినా రెండొందల మంది ఉండరు, కోవిడ్ వల్ల బయటివాళ్లను ఎవరినీ రానివ్వలేదు, డాక్యుమెంటరీ తీస్తున్న బృందాన్ని కూడా. దాంతో అక్కడి కుర్రాళ్లే కెమెరాలు అందుకుని, డ్రోన్లు ఎగరేసి, చెట్లు కొట్టేవాళ్ల జాడలు రికార్డు చేశారు. అదే ఏడాది ఏప్రిల్‌లో వాళ్ల గస్తీలో తిరిగే అరి అనే ఉపాధ్యాయుణ్ణి చంపేశారు. సినిమా చూసి మనం చప్పట్లు కొడతాం, అందులో కనిపించినవాళ్లు మాత్రం రాత్రికి అదే అడవిలో పడుకోవాలి. అందుకే వాళ్ల ముఖమో ఊరి పేరో వేసేముందు వాళ్లను ఒక్కమాట అడగండి.

బ్రెజిల్‌లో రబ్బరు పాలు తీసుకుని బతుకుతూ అడవి నరికివేతకు అడ్డు నిలిచిన చికో మెండెస్ తనను చంపుతారని ముందే చెబుతూ వచ్చాడు. 1988 డిసెంబర్ 22న, కాపలా పోలీసులు వంటగదిలో డామినోలు ఆడుకుంటుండగా, స్నానానికని తువ్వాలు తీసుకుని పెరటి తలుపు తీశాడు, అక్కడే కాల్చేశారు. ఆయన పేరు మీద రక్షిత అటవీప్రాంతం వచ్చింది 1990లో. బతికుండగా ఆయన మాట అంత శ్రద్ధగా విని ఉంటే అన్న ఆలోచన వచ్చినప్పుడల్లా నాకు గుండె బరువెక్కుతుంది.

కాబట్టి నా విన్నపం ఇది. ఆదివాసీలు తీసి పంపే వీడియోలను పొగ రాకముందే వార్తగా వేయండి, హత్య జరిగితే కేసు ముగిసేదాకా రాస్తూ ఉండండి. 2022 జూన్ 5న అమెజాన్‌లోనే ఉన్న జవారీ లోయలో విలేకరి డామ్ ఫిలిప్స్‌నీ, ఆదివాసీలకు గస్తీ నేర్పిన బ్రూనో పెరీరానీ చంపేశారు. ఆ కేసు ఎక్కడిదాకా వచ్చిందో మీ పేపర్లో చదివి చాలా రోజులైంది, ముందు అది రాయండి.

ఇట్లు,
మీ పాఠకురాలు